గాడ్జిల్లా మైనస్ వన్ తీసిన యమజాకి తకాషి గురించి మాట్లాడుకుందాం

కృష్ణాతీరం | శుక్రవారం, రాత్రి 11:20

అందరికీ నమస్కారం. ఇప్పుడే నెట్‌ఫ్లిక్స్‌లో గాడ్జిల్లా మైనస్ వన్ చూశాను. భారీ జంతువు ఊరు మీద పడి మేడలు కూలగొట్టే సినిమా అనుకుని కూర్చున్నాను. చివరికి కళ్ళు తుడుచుకుంటూ లేచాను. ఆ షికిషిమా, నోరికో, ఆ చిన్నపిల్ల అకికో ఇంకా నా మనసులోంచి పోలేదు.

పేర్లు పడుతుంటే ఒక దగ్గర ఆపి మళ్ళీ చూశాను. దర్శకత్వం, రచన, విజువల్ ఎఫెక్ట్స్ మూడూ ఒకే మనిషివి. యమజాకి తకాషి. 2024లో ఎఫెక్ట్స్‌కి ఆస్కార్ తీసుకున్నది కూడా ఈయనే. ఖర్చు కోటిన్నర డాలర్ల లోపే అంటున్నారు, అంటే మన లెక్కలో దాదాపు 125 కోట్ల రూపాయలు. అదే ఏడాది పోటీలో ఉన్న ద క్రియేటర్ అనే హాలీవుడ్ సినిమాకి 8 కోట్ల డాలర్లు అయింది.

ఎవరీయన? గ్రాఫిక్స్ చేసే మనిషికి మనుషుల కథ ఇంత బాగా చెప్పడం ఎలా వచ్చింది? తెలిసినవాళ్ళు వివరంగా రాయండి, నాకు నిజంగా తెలుసుకోవాలని ఉంది.

నిర్వాహకుడు | శుక్రవారం, రాత్రి 11:45

మంచి అంశం. ఒక్క మనవి: సినిమా ముగింపు గురించి రాసేటప్పుడు పైన "కథ చెప్పేస్తున్నాను" అని ఒక మాట పెట్టండి. చూడనివాళ్ళు ఉంటారు.

పాతరీలు | శనివారం, ఉదయం 6:10

కృష్ణాతీరం బాబూ, మంచి ప్రశ్న వేశావు. పొద్దున్నే కాఫీ పక్కన పెట్టుకుని రాస్తున్నాను, కొంచెం పొడవవుతుంది.

యమజాకి 1964లో పుట్టారు. ఊరు మత్సుమోతో, నగానో ప్రాంతం. చుట్టూ కొండలు, మధ్యలో పాత కోట ఉన్న పట్నం. సినిమా పరిశ్రమ ఉన్న టోక్యోకి దూరం. పద్నాలుగేళ్ళ వయసు దగ్గర్లో ఆయన స్టార్ వార్స్, క్లోజ్ ఎన్‌కౌంటర్స్ చూశారు. జపాన్‌లో అవి రెండూ 1978లో వచ్చాయి. ఆ దెబ్బతో ఇదే నా పని అని తేల్చుకున్నారు. గమనించు, ఆ పిల్లాడు కలగన్నది దర్శకుడు కావాలని కాదు. ఆ ఓడల్ని, ఆ వెలుగుల్ని తన చేత్తో తయారుచెయ్యాలని.

టోక్యోలో అసగాయా ఆర్ట్ కాలేజీలో చదివి 1986లో షిరోగుమి అనే సంస్థలో చేరారు. అప్పట్లో అక్కడ ప్రకటనలకీ ఇతర వీడియోలకీ బొమ్మ నమూనాలు చేసి చిత్రీకరించేవాళ్ళు. కంప్యూటర్ తర్వాత వచ్చింది. అంటే ఈయన చేతులు ముందు జిగురు, రంగు, చెక్క ముక్కలతో పనిచేశాయి, తర్వాతే మౌస్ పట్టుకున్నాయి. ఆయన సినిమాల్లో ప్రతి వస్తువుకీ బరువు కనిపించడానికి ఇదొక కారణమని నా నమ్మకం.

తర్వాత ఇతామి జూజో సినిమాలకి ఎఫెక్ట్స్ చేశారు. ఇతామి మనుషుల మీద సినిమాలు తీసే మనిషి. భోజనం, డబ్బు, చావు, ఇవీ ఆయన విషయాలు. 1993లో వచ్చిన దైబ్యోనిన్ చనిపోబోతున్న ఒక రోగి కథ. అలాంటి సినిమాలో గ్రాఫిక్స్ వాడటమంటే ప్రేక్షకుడిని అదరగొట్టడం కాదు, ఒక మనిషి లోపల జరిగేది చూపించడం. నువ్వు అడిగిన "మనుషుల కథ ఎలా వచ్చింది" అన్నదానికి జవాబు వెతికితే నేను ముందు అక్కడే వెతుకుతాను.

మొదటి సినిమా జువెనైల్, 2000లో. అప్పటికి 36 ఏళ్ళు. షిరోగుమిలో చేరి పద్నాలుగేళ్ళు దాటింది.

డోరేమాన్_బుజ్జి | శనివారం, ఉదయం 9:05

మాస్టారూ, జువెనైల్ వెనక ఒక కథ ఉంది, చెప్పనివ్వండి!

డోరేమాన్ సృష్టికర్త ఫుజికో ఎఫ్ ఫుజియో 1996లో చనిపోయారు. డోరేమాన్‌కి ఆయన ముగింపు రాయలేదు. ఒక అభిమాని తనే ఒక ఆఖరి కథ రాశాడు, అది ఇంటర్నెట్‌లో చేతులు మారింది. డోరేమాన్ బ్యాటరీ అయిపోతుంది, బ్యాటరీ మారిస్తే జ్ఞాపకాలు పోతాయి, అందుకని నోబితా కష్టపడి చదివి పెద్ద శాస్త్రవేత్త అయి తనే డోరేమాన్‌ని బాగుచేస్తాడు. యమజాకికి ఆ కథ బాగా నచ్చింది. దాన్ని పట్టుకుని, పిల్లలకి దొరికిన టెట్రా అనే చిన్న రోబో కథగా జువెనైల్ తీశారు. సినిమా చివర ఫుజికో గారికి అంకితం అని వేశారు.

పద్నాలుగేళ్ళ తర్వాత 2014లో అసలు డోరేమాన్ సినిమానే ఈయన చేతికి వచ్చింది. స్టాండ్ బై మీ డోరేమాన్, యాగి ర్యూయిచితో కలిసి చేశారు. జపాన్‌లో 838 కోట్ల యెన్‌లు వసూలు చేసింది. నేను మా తమ్ముడితో కూర్చుని చూశాను. డోరేమాన్ వెళ్ళిపోయే రోజు నోబితా ఒంటరిగా జియాన్‌తో కొట్లాడే సీన్ దగ్గర ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు.

సకురా_విశాఖ | శనివారం, మధ్యాహ్నం 1:30

నేను ఎనిమిదేళ్ళుగా జపాన్‌లో ఉంటున్నాను, మాది విశాఖ. మన దగ్గర యమజాకి అంటే గాడ్జిల్లా. ఇక్కడ కొంచెం పెద్దవాళ్ళని అడగండి, "ఆల్వేస్ తీసినాయన" అంటారు.

ఆల్వేస్: సన్‌సెట్ ఆన్ థర్డ్ స్ట్రీట్, 2005. సైగాన్ ర్యోహేయి రాసిన మాంగా (జపాన్ బొమ్మల కథ) ఆధారం. 1958 నాటి టోక్యోలో ఒక వీధి. యుద్ధం అయిపోయి పదమూడేళ్ళు. టోక్యో టవర్ ఇంకా కడుతున్నారు. సినిమా మొదట్లో సగం కట్టిన టవర్ కనిపిస్తుంది, కథ నడుస్తున్నకొద్దీ అది పెరుగుతూ ఉంటుంది, చివరికి పూర్తవుతుంది. 333 మీటర్ల టవర్‌ని కాలం చెప్పే గడియారంలా వాడుకున్నారాయన. దాని గురించి ఎవరూ ప్రత్యేకంగా మాట్లాడరు, వెనకాల అలా లేస్తూ ఉంటుందంతే.

అప్పట్లో పల్లెటూళ్ళ నుంచి బడి అయిపోయిన పిల్లల్ని రైళ్ళలో గుంపులుగా టోక్యోకి పనికి తీసుకొచ్చేవాళ్ళు. ఈ కథలో రోకు అనే అమ్మాయి అలాగే అఓమోరి నుంచి ఉఎనో స్టేషన్‌లో దిగుతుంది. సుజుకి ఆటో అంటే పెద్ద కార్ల కంపెనీ అనుకుని వస్తుంది, తీరా చూస్తే వీధి చివర చిన్న రిపేరు షెడ్డు. ఆ పిల్ల మొహం చూడాలి.

మా అపార్ట్‌మెంట్‌లో డెబ్బై దాటిన ఒక ఆవిడ ఉన్నారు. ఆ సినిమా గురించి అడిగితే "అది మా వీధే" అన్నారు. ఆ వీధి ఎక్కడా లేదు. సెట్టు, చిన్న నమూనాలు, కంప్యూటర్ కలిపి అల్లినది. ఆవిడకి మాత్రం అది చిన్నప్పటి ఇల్లు.

జపాన్ అకాడమీ అవార్డుల్లో 13 విభాగాలుంటే 12 ఈ సినిమాకే వచ్చాయి. గ్రాఫిక్స్ సినిమా అని ఎవరూ అనలేదు.

కృష్ణాతీరం | శనివారం, మధ్యాహ్నం 2:10

సకురా గారూ, ఇది నాకు అస్సలు తెలియదు. గాడ్జిల్లా మళ్ళీ చూసే ముందు ఇది చూడాలనిపిస్తోంది. మా నాన్నగారు కూడా పదిహేనేళ్ళ వయసులో పనికోసం ఊరు వదిలి బెజవాడ వచ్చినవారే. ఆయనతో కలిసి చూస్తాను.

కంపోజిటర్_98 | శనివారం, రాత్రి 8:50

నేను హైదరాబాద్‌లో వీఎఫ్ఎక్స్ పనిలో ఉన్నాను, రోటోతో (షాట్‌లో మనుషుల్ని, వస్తువుల్ని గీత గీసి వేరుచేసే పని) మొదలుపెట్టి ఇప్పుడు కంపోజిటింగ్ (విడివిడి బొమ్మల్ని ఒకే షాట్‌గా కలిపే పని). ఈ సినిమా పని ఎలా జరిగిందో మా వైపు నుంచి చెప్తాను, ఎందుకంటే బడ్జెట్ అంకె చూసి అందరూ మ్యాజిక్ అనుకుంటున్నారు.

మొత్తం 610 షాట్లు. చేసింది 35 మంది. అంతా షిరోగుమి చోఫు స్టూడియోలోనే. హాలీవుడ్ పెద్ద సినిమాకి రెండు వేల షాట్లు మామూలే, అవి నాలుగైదు దేశాల్లో పది కంపెనీలకి పంచుతారు.

మా దగ్గర ఒక షాట్ ఎలా తిరుగుతుందో చూడండి. నేను చేస్తాను. లీడ్ చూస్తాడు. సూపర్‌వైజర్ చూస్తాడు. బయటి క్లయింట్‌కి పంపుతాం. వాళ్ళ సూపర్‌వైజర్ చూస్తాడు. ఎప్పుడో దర్శకుడు చూస్తాడు. ఆయనకి నచ్చకపోతే అదే దారిలో వెనక్కి వస్తుంది. ఒక వారం పోయింది. నేను ఇంతకుముందు పనిచేసిన ఒక చోట ఒకే పొగ షాట్ నలభై వెర్షన్లు చేశాను. ఆఖరికి మూడో వెర్షన్ ఓకే చేశారు. ఆ రోజు ఇంటికెళ్ళి అన్నం తినలేదు.

యమజాకి దగ్గర ఈ మెట్లు లేవు. దర్శకుడే వీఎఫ్ఎక్స్ సూపర్‌వైజర్. ఆర్టిస్టులు కూర్చునే చోటే ఆయనా కూర్చుంటారు. నిర్ణయం అక్కడికక్కడే. ఇంకో పెద్ద లాభం: రాసేటప్పుడే తెలుసు, ఏ షాట్ ఎంత కష్టమో. టోక్యోలోని గింజా వీధి సీన్‌లో నిజంగా కట్టింది కొంచెమే. ఏ కోణంలో కెమెరా పెడితే ఆ కొంచెం సరిపోతుందో ఆయనకి ముందే తెలుసు. తెలియని దర్శకుడు "అన్ని వైపుల నుంచీ తీసి పెట్టుకుందాం" అంటాడు. డబ్బంతా అక్కడే పోతుంది.

ఇక నీళ్ళు. మా పనిలో నీళ్ళంటే అందరికీ టెన్షన్. చిన్న తొట్టిలో నీళ్ళకీ సముద్రానికీ తేడా నురుగులో తెలుస్తుంది, తుంపర్ల సైజులో తెలుస్తుంది. కొంచెం తప్పినా గాడ్జిల్లా స్నానాల తొట్టిలో బొమ్మలా అయిపోతుంది. ఈ సినిమాలో గాడ్జిల్లా చెక్క పడవని తరిమే సీన్ మళ్ళీ చూడండి. తల రెండు వైపులా లేచే నీటి గోడ చూడండి. దాని వెనక ఉన్న నోజిమా తత్సుజికి అప్పుడు పాతికేళ్ళు. ఇంట్లో సరదాకి నీటి సిమ్యులేషన్లు (నీటి కదలికని కంప్యూటర్‌లో తయారుచెయ్యడం) చేసుకునే కుర్రాడు. అవి చూసి యమజాకి, సముద్రం సీన్లు పెంచడానికి ధైర్యం తెచ్చుకున్నారు. ఆస్కార్ వేదిక మీద నలుగురు నిలబడ్డారు: యమజాకి, షిబుయా కియోకో, తకహాషి మసాకి, నోజిమా. నా వయసువాడు ఒకడు అక్కడ ఉన్నాడు.

గోదారి_గట్టు | శనివారం, రాత్రి 10:15

కంపోజిటర్ తమ్ముడూ, నీ పోస్ట్ చాలా నచ్చింది. ఒక్కటి మాత్రం నన్ను ఇబ్బంది పెడుతోంది. "తక్కువ డబ్బుతో ఎంత గొప్పగా తీశారో" అని ప్రపంచమంతా మెచ్చుకుంటోంది. రేపు మన నిర్మాత ఇదే చూపించి "35 మందే చేశారు, మీకెందుకు వంద మంది?" అనడా? తక్కువ ఖర్చు అంటే ఎవరో ఒకరి జీతం తక్కువ అనేగా అర్థం. అక్కడి కుర్రాళ్ళు ఎన్ని గంటలు కూర్చున్నారో మనకి తెలుసా?

కంపోజిటర్_98 | శనివారం, రాత్రి 11:30

అన్నా, మీ భయం నాది కూడా. జపాన్‌లో ఆర్టిస్టుల జీతాలు హాలీవుడ్‌తో పోలిస్తే తక్కువ, యెన్ విలువ కూడా పడిపోయి ఉంది. డాలర్లలో చెప్పినప్పుడు ఆ అంకె మరీ చిన్నగా కనిపించడానికి అదొక కారణం. దాన్ని గొప్పగా చెప్పుకోకూడదు, ఒప్పుకుంటాను.

కానీ మిగిలింది జీతంలోంచి వచ్చింది కాదు. వృథా తగ్గడంలోంచి వచ్చింది. నేను చేసిన నలభై పొగ వెర్షన్లలో ముప్పై ఏడు ఎవరికీ అక్కరలేదు. ఆ ముప్పై ఏడు రోజుల జీతం ఎవరో ఇచ్చారు, నా నిద్ర నేను ఇచ్చాను. ఏం కావాలో ముందే తెలిసిన దర్శకుడు ఉంటే ఆర్టిస్టుకి జీతం పెంచినా సినిమా ఖర్చు తగ్గుతుంది. నిర్మాతలు ఈ సినిమా నుంచి ఇది నేర్చుకోవాలని నా కోరిక.

గోదారి_గట్టు | ఆదివారం, ఉదయం 7:40

ఈ మాట సబబుగా ఉంది. ఒప్పుకున్నాను.

పాతరీలు | ఆదివారం, ఉదయం 8:20

ఈ చర్చకి పాత చరిత్ర కొంచెం కలపాలి.

1954 గాడ్జిల్లాకి దర్శకుడు హోండా ఇషిరో. ఎఫెక్ట్స్ సుబురాయా ఎయిజి. ఇద్దరికీ వేరు వేరు యూనిట్లు. హోండా మనుషుల్ని తీసేవారు, సుబురాయా చిన్న టోక్యో కట్టించి, సూట్ వేసుకున్న మనిషిని దాని మీద నడిపించేవారు. ఆ సూట్‌లో ఉన్నది నకజిమా హరువో. తోహో సంస్థలో ఎఫెక్ట్స్‌కి వేరే దర్శకుడు ఉండటం పద్ధతిగా స్థిరపడింది, ఆ పేరు తెర మీద విడిగా పడేది. ఆ కళనే తొకుసత్సు అంటారు.

ఆ రెండు కుర్చీలనీ ఒకటి చేసినవారు ఇద్దరు ముగ్గురు ఉన్నారు. హిగుచి షిన్జి ఒకరు. 1984 గాడ్జిల్లాలో నమూనాల విభాగంలో కుర్రాడిగా మొదలై, 1995లో గమెరా అనే మరో రాక్షస జంతువు సినిమాకి ఎఫెక్ట్స్ చేసి, తర్వాత దర్శకుడయ్యారు. 2016లో అన్నో హిదెఅకితో కలిసి షిన్ గాడ్జిల్లా తీశారు. ఆయన సూట్లు, నమూనాల బడి నుంచి వచ్చారు. యమజాకి ప్రకటనలు, కంప్యూటర్ల వైపు నుంచి వచ్చారు. ఇద్దరి గాడ్జిల్లాలూ పక్కపక్కన పెట్టి చూస్తే ఆ తేడా తెలుస్తుంది.

మరొకటి. సుబురాయాకి పేరు తెచ్చినది గాడ్జిల్లా కాదు. 1942లో యుద్ధం మధ్యలో తీసిన హవాయి, మలయా సముద్ర యుద్ధం సినిమా. పెర్ల్ హార్బర్ దాడిని నమూనాలతో తీశారు. యుద్ధం ఓడాక ఆ కారణంగానే ఆయన్ని కొన్నాళ్ళు తోహో నుంచి బయటికి పంపారు. జపాన్ ఎఫెక్ట్స్ కళ యుద్ధం ఒడిలో పెరిగింది. యమజాకి మళ్ళీ మళ్ళీ ఆ యుద్ధం నాటి జపాన్ జీరో యుద్ధ విమానం, యమాతో యుద్ధనౌక దగ్గరికే వెళ్ళడం చూస్తే నాకు ఇది గుర్తుకొస్తుంది.

గోదారి_గట్టు | ఆదివారం, మధ్యాహ్నం 12:05

మాస్టారూ, మంచి చోటికి తెచ్చారు. నాకు యమజాకి మీద ఉన్న అభ్యంతరం అక్కడే.

కథ చెప్పేస్తున్నాను.

2013లో ఎటర్నల్ జీరో. 876 కోట్ల యెన్‌ల హిట్టు. మియాబే అనే పైలట్, భార్యాబిడ్డల కోసం ప్రాణాలతో తిరిగి వెళ్ళాలనుకుంటాడు, తోటివాళ్ళు పిరికివాడంటారు. ఆఖరికి ఆత్మాహుతి దాడిలోనే చనిపోతాడు. సంగీతం, ఆకాశం, ఆయన మొహంలో చిరునవ్వు. ఎంత అందంగా తీశారంటే, ఆ చావు తప్పు అనిపించదు. అదే నాకు భయం. అప్పటి ప్రధాని అబే షిన్జో చూసి కదిలిపోయానన్నారు. అదే ఏడాది యానిమేషన్ దర్శకుడు మియజాకి హయావో, జీరో విమానాల గురించి కల్పిత గాథలు అల్లడాన్ని గట్టిగా తప్పుపట్టారు. సినిమా పేరు ఎత్తలేదు కానీ అందరూ దీని గురించే అనుకున్నారు.

మియజాకి, యమజాకి, పేర్లు దగ్గరగా ఉన్నాయని కలపకండి, ఇద్దరూ వేరు.

సకురా_విశాఖ | ఆదివారం, మధ్యాహ్నం 3:45

గోదారి గారూ, ఎటర్నల్ జీరో గురించి మీరన్నది కాదనలేను. నేనూ ఆ ముగింపుని ఒప్పుకోలేకపోయాను. కానీ మనిషిని ఒక్క సినిమాతో కొలవొద్దు, తర్వాతవి కూడా చూడండి.

నేను కూడా కథ చెప్పేస్తున్నాను.

2019లో ద గ్రేట్ వార్ ఆఫ్ ఆర్కిమిడీస్. యమాతో యుద్ధనౌక కట్టకుండా ఆపాలని ఒక గణిత మేధావిని నౌకాదళం లోపలివాళ్ళే దింపుతారు. ఖర్చు లెక్కల్లో మోసాన్ని అతను అంకెలతో బయటపెట్టాలి. కానీ సినిమా మొదలయ్యేదే ఆ ఓడ మునిగిపోవడంతో. 1945 ఏప్రిల్ 7. ఓడ ఒరిగిపోతుంటే నావికులు డెక్కు మీద నుంచి జారిపోతారు. నీళ్ళలో పడ్డ తమ పైలట్‌ని అమెరికన్లు సీప్లేన్ దింపి తీసుకెళ్తారు. మునిగిపోతున్న ఓడ మీద నుంచి జపాన్ కుర్రాడు అది చూస్తాడు. వాళ్ళు ఒక్క మనిషి కోసం వెనక్కి వచ్చారు, మనల్ని ఎవరూ ఇలా చూడలేదే అని ఆ కళ్ళలో ఉంటుంది. ఒక్క డైలాగ్ లేదు. ఇది ఎటర్నల్ జీరో తీసిన మనిషి ఆరేళ్ళ తర్వాత తీసిన షాట్.

ఇక మైనస్ వన్. హీరో పేరు షికిషిమా. తొలి ఆత్మాహుతి దళాల్లో ఒకదాని పేరు అదే. అలాంటి పేరున్న పైలట్, విమానం పాడైందని అబద్ధం చెప్పి ఓడో దీవిలో దిగుతాడు. చావడానికి భయపడ్డాడు. సినిమా అంతా అతను సిగ్గుతో బతుకుతాడు. చివరి పోరాటం ముందు శాస్త్రవేత్త నోదా మాట్లాడతాడు గుర్తుందా? మన దేశం ప్రాణాలకి విలువ ఇవ్వలేదు, ట్యాంకులకి సరైన కవచం లేదు, తిండి లేక సైనికులు చచ్చారు, విమానాల్లో బయటపడే సీటు లేదు, ఈసారి ఒక్కరూ చావకూడదు అని. తర్వాత షికిషిమా విమానంలో ఆ సీటు ఉందని తెలుస్తుంది. బిగించింది ఎవరో కాదు, అతని పిరికితనం వల్ల తోటివాళ్ళందరినీ పోగొట్టుకున్న మెకానిక్ తచిబానా.

మియాబే చచ్చాడు. షికిషిమా బతికాడు. పదేళ్ళ తేడాలో ఒకే దర్శకుడు. నేను ఇక్కడ థియేటర్లో చూస్తున్నప్పుడు పారాచ్యూట్ విచ్చుకున్న క్షణంలో నా పక్కనున్న పెద్దాయన గట్టిగా ఊపిరి వదిలారు.

గోదారి_గట్టు | ఆదివారం, సాయంత్రం 5:20

ఆర్కిమిడీస్ నేను చూడలేదు. చూసి వచ్చి మాట్లాడతాను. మైనస్ వన్‌లో కూడా ప్రభుత్వం, చక్రవర్తి బాధ్యత గురించి పక్కకి తప్పుకున్నారని, జపాన్ ఇతర దేశాల్లో చేసినది ఎక్కడా లేదని నా అసంతృప్తి ఇంకా ఉంది. అది ఉంచుతూనే చెప్తున్నా, నోదా మాటలు విన్నప్పుడు నాకూ ఒళ్ళు జలదరించింది.

డోరేమాన్_బుజ్జి | ఆదివారం, సాయంత్రం 6:00

యమజాకి ఓడిపోయిన సినిమా గురించి కూడా చెప్పుకోవాలి కదా. డ్రాగన్ క్వెస్ట్: యువర్ స్టోరీ, అదీ 2019లోనే.

గేమ్ అభిమానులు ముప్పై ఏళ్ళుగా ప్రేమించిన కథ. సినిమా చివర్లో ఇదంతా నిజం కాదు, ఎవరో ఆడుతున్న గేమ్ అని తేలుస్తారు. ఒక వైరస్ వచ్చి "పెద్దవాడివి కా" అంటుంది. హీరో దాన్ని ఎదిరిస్తాడు, ఆ లోకం నాకు నిజమే అంటాడు. దర్శకుడి ఉద్దేశం ఆ ఆటని ప్రేమించినవాళ్ళ తరఫున మాట్లాడటమే. కానీ అప్పటిదాకా ఆ లోకంలో మునిగి ఉన్నవాళ్ళకి చెంప మీద కొట్టినట్టయింది. జపాన్‌లో చాలా కోపం వచ్చింది. నాకూ నచ్చలేదు. ప్రేమించిన దాన్ని నమ్మనివ్వాలి, మధ్యలో లైట్లు వేసి ఇది బొమ్మ అని చూపించకూడదు.

ఆ ఏడాదే లుపాన్ 3 కూడా వచ్చింది. అది హాయిగా ఉంటుంది. ఒకే ఏడాది మూడు సినిమాలు! ఈయన నిద్రపోతారా?

పాతరీలు | ఆదివారం, రాత్రి 8:10

బుజ్జీ, నువ్వన్నది సరైన విమర్శ. నాకు తెలిసి ఆయన సినిమాలన్నిటిలో పెద్ద బలహీనత ఇదే, చెప్పింది మళ్ళీ చెప్పడం, ఏడుపు రాకముందే సంగీతం రావడం. రిటర్నర్ (2002), స్పేస్ బ్యాటిల్‌షిప్ యమాతో (2010) చూసినప్పుడు నాకు బొమ్మలే గుర్తున్నాయి, మనుషులు గుర్తులేరు. పారాసైట్ (ఆ పేరున్న కొరియా సినిమా కాదు) రెండు భాగాలు బాగుంటాయి. మిగిలినవి వదిలేసినా నష్టం లేదు.

కంపోజిటర్_98 | ఆదివారం, రాత్రి 9:30

గాడ్జిల్లాతో ఈయన బంధం 2023లో మొదలవలేదని చెప్పడం మరిచాను. ఆల్వేస్ రెండో భాగం, 2007. సినిమా తెరుచుకోగానే గాడ్జిల్లా 1959 టోక్యో మీద పడుతుంది! కథలో రచయిత చగావా ఊహ అది. రెండు మూడు నిమిషాలే. దానికే చాలా శ్రమ పడింది, పూర్తి సినిమా తియ్యడానికి అప్పటి కంప్యూటర్లు చాలవని ఆయనకి అర్థమైంది. తర్వాత 2021లో సైతామా ప్రాంతంలోని సెయిబుఎన్ పార్కులో గాడ్జిల్లా రైడ్‌కి దర్శకత్వం చేశారు. అంటే పదహారేళ్ళు కొద్దికొద్దిగా చేయి తిప్పుకుంటూ వచ్చారు.

ఇంకో విషయం. ఆ చగావా వేషం వేసిన యొషిఒకా హిదెతకే మైనస్ వన్‌లో నోదా. గాడ్జిల్లాని ఊహించిన మనిషే దాన్ని ముంచే ఉపాయం చెప్పాడు.

సకురా_విశాఖ | ఆదివారం, రాత్రి 10:40

ఆ రైడ్ నేను ఎక్కాను! మా అబ్బాయి నా చెయ్యి ఎంత గట్టిగా పట్టుకున్నాడంటే గోళ్ళ గుర్తులు పడ్డాయి.

విమానం గురించి కూడా చెప్తాను. షికిషిమా నడిపేది షిన్‌దెన్. ప్రొపెల్లర్ వెనక ఉంటుంది, చిన్న రెక్కలు ముందు. నిజంగానే కట్టారు, 1945 ఆగస్టు 3న మొదటిసారి ఎగిరింది, పన్నెండు రోజుల్లో యుద్ధం అయిపోయింది. ఒక్క పోరులోనూ పాల్గొనలేదు. సినిమా కోసం పూర్తి సైజు నమూనా చేశారు. ఫుకుఒకాలో తచిఅరాయ్ శాంతి మ్యూజియం ఉంది, 2022 నుంచి ఆ నమూనా అక్కడ ఉంది. సినిమా విడుదలయ్యేదాకా అది గాడ్జిల్లా కోసం చేసినదని బయటికి చెప్పలేదు! సెలవుల్లో వెళ్ళి చూశాను. ఎవరినీ చంపకుండా ఆగిపోయిన యుద్ధ విమానం, సినిమాలో ఒక మనిషిని ప్రాణాలతో దింపడానికి పనికొచ్చింది.

గోదారి_గట్టు | మంగళవారం, రాత్రి 11:15

ఆర్కిమిడీస్ చూశాను. సకురా గారూ, ఆ సీప్లేన్ షాట్ గురించి మీరు ముందే చెప్పినా నాకు గొంతు పట్టేసింది. చివర్లో ఓడ డిజైనర్ చెప్పే వాదన మాత్రం రాత్రంతా ఆలోచిస్తాను. ఓటమి ఒప్పుకోవడం తెలియని దేశం ఇది, దేశానికి బదులు మునిగే ఓడ ఒకటి కావాలి, అందుకే అందంగా కట్టాలి అంటాడు. భయంకరమైన మాట. నేను తొందరపడి ఒక ముద్ర వేశాను ఈ దర్శకుడి మీద, ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను. ఎటర్నల్ జీరో మీద మాత్రం కాదు.

పాతరీలు | బుధవారం, ఉదయం 6:30

ఆస్కార్ రాత్రి గురించి ఎవరూ రాయలేదు. 2024 మార్చి 10. దర్శకుడే ఎఫెక్ట్స్ అవార్డు అందుకోవడం, 1969లో స్టాన్లీ కుబ్రిక్ తర్వాత ఇదే. ఆసియా సినిమాకి ఆ విభాగంలో ఇదే మొదటిది. నలుగురూ చేతుల్లో గాడ్జిల్లా బొమ్మలు పట్టుకుని, గాడ్జిల్లా గోళ్ళున్న బూట్లు వేసుకుని వచ్చారు. యమజాకి చిన్న కాగితం తీసి ఇంగ్లీషులో చదివారు. చిన్నప్పుడు చూసిన ఆ రెండు సినిమాల పేర్లు చెప్పారు. హాలీవుడ్‌కి అంత దూరంలో ఉన్నవాళ్ళకి ఈ వేదిక అందదనుకున్నామన్నారు. చివర్లో నిర్మాత అబే షూజి పేరు తలుచుకున్నారు. మొదటి సినిమా జువెనైల్ నుంచీ వెంట ఉన్న మనిషి. మైనస్ వన్ విడుదలయ్యాక 2023 డిసెంబర్‌లో చనిపోయారు. ఆయనతో మాట్లాడుతున్నట్టే, సాధించామండీ అన్నారు.

దానికి నెల ముందు, నామినేషన్ల విందులో స్పీల్‌బర్గ్‌ని కలిశారు. మత్సుమోతోలో ఆ పిల్లాడి జీవితం మార్చిన రెండు సినిమాల్లో ఒకటి ఆయనదే కదా. స్పీల్‌బర్గ్ ఈయన సినిమాని మూడుసార్లు చూశానని చెప్పారు.

కంపోజిటర్_98 | బుధవారం, రాత్రి 9:00

మాస్టారూ, ఆ ప్రసంగం మేము స్టూడియోలో షిఫ్టు మధ్యలో ఫోన్‌లో చూశాం. ఆరుగురం ఒక ఫోన్ చుట్టూ. నోజిమా వేదికెక్కినప్పుడు మా వాటర్ ఎఫ్ఎక్స్ కుర్రాడు ఏమీ మాట్లాడకుండా సీటుకి వెళ్ళి తన సిమ్యులేషన్ మళ్ళీ తెరిచాడు.

కృష్ణాతీరం | ఆదివారం, రాత్రి 10:20

అందరికీ చాలా థాంక్స్. ఇవాళ నాన్నగారితో ఆల్వేస్ చూశాను. ఆయనకి సబ్‌టైటిల్స్ వేగం అందదు, నేను పక్కన కూర్చుని చదివి వినిపించాను. రోకు రైలు దిగి, ఆ రిపేరు షెడ్డు చూసి నిలబడిపోయినప్పుడు నాన్నగారు "ఆపు" అన్నారు. ఆపాను. ఆయన బెజవాడ స్టేషన్‌లో మొదటిరోజు దిగినప్పుడు చేతిలో ఉన్న సంచి గురించి చెప్పడం మొదలుపెట్టారు. ఇన్నేళ్ళలో నాకు ఎప్పుడూ చెప్పలేదు. సినిమా ఇంకా సగమే అయింది. మిగతాది రేపు చూస్తాం.